చిట్టిపులికి నాన్న అనుమతి

ఆ పొద్దున అద్దాలాయన వేసుకున్న పథకం చాలా చిన్నది. ఎనిమిదింటికల్లా అత్తగారింటికి వెళ్ళాలి. తన చేత్తో అరగదీసి బిగించిన కొత్త కళ్ళజోడు ఆవిడ ముక్కు మీద తనే పెట్టాలి. ఆవిడ అద్దంలో అటూ ఇటూ తిరిగి చూసుకుని, "ఇంత బాగా ఇంకెవరు చేస్తారు?" అనాలి. ఆ మాట తనకు పట్టనట్టు కిటికీలోంచి కాసేపు బయటికి చూసి, తొమ్మిదింటికి వచ్చి షాపు తెరవాలి. అంతే.

కళ్ళజోళ్ళ షాపు నడుపుతాడు కాబట్టి వీధిలో అందరూ అతన్ని అద్దాలాయన అంటారు. ఆ ఇంటికి పదకొండేళ్ళుగా పెద్దల్లుడు. అందులో మొదటి ఎనిమిదేళ్ళూ పెద్దల్లుడు కాదు, అసలు అల్లుడంటే అతనొక్కడే. హాల్లో ఫ్యాను కింద ఉండే ఒంటి సోఫా అతనిదే. కుళాయి కారినా, తలుపు బిగుసుకున్నా, అత్తగారు ముందు ఫోన్ చేసేది అతనికే. మూడేళ్ళ కిందట మరదలి పెళ్ళయింది. చిన్నల్లుడు వచ్చాడు. పొడుగ్గా ఉంటాడు, గట్టిగా నవ్వుతాడు, పైగా కంప్యూటర్ కంపెనీలో ఉద్యోగం. వచ్చిన మొదటి రోజే, ఎవరూ చెప్పకుండానే, నేరుగా వెళ్ళి ఆ సోఫాలో కూర్చున్నాడు. అద్దాలాయన గోడ పక్కనున్న చెక్క కుర్చీకి మారాడు. అప్పట్నుంచీ అతని కడుపులో రగిలిన మంట ఆరలేదు.

"ఇంత పొద్దున్నే ఎక్కడికి?" అని అడిగింది భార్య. ఆవిడ బడిలో టీచరు. ఒక చేత్తో జుట్టు ముడేసుకుంటూ ఇంకో చేత్తో పిల్లల పరీక్ష కాగితాలు సర్దుకుంటోంది.

"మీ అమ్మగారికి కళ్ళజోడు ఇచ్చొస్తా."

"ఆదివారం ఇవ్వొచ్చుగా. నిన్న మా మరిది వెళ్ళాడని మీకు తెలిసిపోయిందా ఏంటి?"

"అతను వెళ్తే నాకేంటి?" అన్నాడు అద్దాలాయన. చెప్పులేసుకున్నాడు. ఒక చెప్పు విప్పి మళ్ళీ వేసుకున్నాడు. "ఎందుకెళ్ళాడట?"

"మీకేంటన్నారుగా" అని ఆవిడ కాగితాలు తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది.

అత్తగారు ముప్పై రెండేళ్ళు పెద్దాసుపత్రిలో పనిచేసి, హెడ్ నర్సుగా రిటైరైన మనిషి. ఇప్పటికీ ఆవిడ గదిలోకి వస్తే కూర్చున్నవాళ్ళు వీపు నిటారుగా పెడతారు. పెద్దల్లుడు పెట్టిన కళ్ళజోడుతో ఆవిడ అద్దం వైపు వెళ్ళలేదు. బల్ల మీదున్న ఫోన్ తీసుకుని చేయి చాచి చూసింది, దగ్గరగా పెట్టుకుని చూసింది.

"బాగా కనిపిస్తోంది బాబూ" అంది. అద్దాలాయన కిటికీ వైపు తిరగడానికి సిద్ధమయ్యాడు. "ఇప్పుడు చూస్తే తెలుస్తోంది, చిన్నబాబు ఎంత శుభ్రంగా చేశాడో!"

అద్దాలాయన మెడ సగంలో ఆగిపోయింది. "ఏం చేశాడు?"

"ఈ ఫోన్‌లో ఆటల గోల ఒకటుంది కదా, దాన్ని ఆపేశాడు."

ఆ ఆటల గోల ఫోన్‌తో పాటే వచ్చింది. ఎవరూ అడగలేదు, ఎవరూ ఎక్కించలేదు. గంటకోసారి బాకా ఊది, "వీరుడా, లే! నీ సైన్యం నీ కోసం ఎదురుచూస్తోంది!" అని అరిచేది. పోయిన వారం మోకాలి ఆపరేషనైన స్నేహితురాలిని చూడటానికి ఆవిడ ఆసుపత్రికి వెళ్ళింది. నెల రోజులు మంచం దిగకూడదని డాక్టరు చెబుతుండగానే, సంచీలోంచి "వీరుడా, లే!" అని వినిపించింది. డాక్టరు ముఖం చూశాక ఆవిడకి ఆ ఫోన్ నీళ్ళ బకెట్లో వేయాలనిపించిందట.

"నిన్న చిన్నబాబు వచ్చి రెండే రెండు నిమిషాల్లో దాని నోరు మూయించాడు. చూడండి, రాత్రి నుంచీ కిక్కురుమనలేదు."

రాత్రింబవళ్ళు కూర్చుని తను చేసిన కళ్ళజోడు పెట్టుకుని ఆవిడ చూస్తున్నది తోడల్లుడి పనితనాన్ని. అద్దాలాయనకి ఒళ్ళంతా కారం రాసినట్టయింది.

"ల్యాప్‌టాప్‌లో కూడా అదే పీడ ఉంది" అంది ఆవిడ. "సాయంత్రం నాలుగింటికి మా రిటైరైన నర్సుల సంఘం మీటింగు. మా పాత ఫోటోలన్నీ తెర మీద చూపించాలి. మధ్యలో ఇది బాకా ఊదితే నా పరువేం కాను? మధ్యాహ్నం చిన్నబాబు వచ్చి చూస్తానన్నాడు."

"దీనికి అతనెందుకత్తయ్యగారూ? నేను లేనా?"

"మీకెందుకు బాబూ శ్రమ? మీకు అలవాటు లేని పని."

ఆ చివరి మాట అనకుండా ఉంటే అద్దాలాయన బహుశా షాపుకి వెళ్ళిపోయేవాడు. ఇప్పుడు కుర్చీ లాక్కుని ల్యాప్‌టాప్ ముందు కూర్చున్నాడు.

అతనికి కంప్యూటర్‌తో ఉన్న పరిచయం, షాపులో అక్షరాల పట్టీ తెర మీద పెట్టి జనం చేత చదివించడం వరకే. దానికి తోడు దగ్గర చూపు మందగించి ఏడాదైంది. షాపులో కళ్ళజోడు పెట్టుకుంటాడు గానీ బయట పెట్టుకోడు. అది పెట్టుకుంటే చిన్నల్లుడి పక్కన ముసలివాడిలా కనిపిస్తానని అతని బెంగ. అందుకని తెర మీద అతనికి కనిపించింది, ఒక పచ్చటి రాక్షసుడూ వాడి కింద చీమల బారులా కొన్ని అక్షరాలూను.

ఆ ఆటల గోలను ఆపాలంటే ముందు అందులోకి వెళ్ళాలట. లోపలికి వెళ్ళాలంటే ఈమెయిల్ కావాలట.

"మీ ఈమెయిల్ ఏంటత్తయ్యగారూ?"

"అదంతా చిన్నబాబుకి తెలుసు. ఫోన్ చేసి అడగనా?"

"వద్దు!" అన్నాడు అద్దాలాయన. మాట అవసరానికి మించి గట్టిగా వచ్చింది. "చిన్న పని. దీనికి అతన్ని కదిలించడం దేనికి?" అని తన ఈమెయిల్ కొట్టేశాడు. షాపు కంప్యూటరూ జేబులో ఫోనూ నడిచేది ఆ ఈమెయిల్ మీదే. తరువాత పుట్టిన తేదీ అడిగింది. సంవత్సరాల చక్రమొకటి గిర్రున తిరిగింది. వెనకాల అత్తగారు చేతులు కట్టుకుని నిలబడి ఉండటంతో, అది ఎక్కడ ఆగిందో చూడకుండానే "సరే" నొక్కాడు. ఒక పులిపిల్ల ఎగిరి గంతేసింది. ఇంకేదో అడిగింది. ఒక గుండ్రటి చిన్న ఫోటో చూపించింది. ఎవరో మనిషి నవ్వుతున్నాడు. సరే. ఇంకో ప్రశ్న. సరే. మరో ప్రశ్న. సరే, సరే.

తెర నల్లబడింది. ఏ శబ్దమూ లేదు.

"అయిపోయిందత్తయ్యగారూ."

"అప్పుడే?"

"రెండు నిమిషాలు కూడా పట్టలేదు" అన్నాడు అద్దాలాయన. గోడ గడియారం ప్రకారం పంతొమ్మిది నిమిషాలు పట్టింది.

"ఈ పని మీకూ వచ్చని నాకు తెలీదు సుమా! అయితే చిన్నబాబుని రావద్దని చెబుతాను" అంది ఆవిడ.

అద్దాలాయన షాపు దాకా నడిచాడో ఎగిరాడో అతనికే తెలియదు. దారిలో ఎదురైన ప్రతివాడికీ నవ్వుతూ చేయి ఊపాడు. వాళ్ళలో ఇద్దరు అతనికి అసలు పరిచయం లేనివాళ్ళు.

షాపు ముందు ఒక బస్సు డ్రైవరు అప్పటికే కాచుకుని ఉన్నాడు. మధ్యాహ్నంలోగా కంటి చూపు సర్టిఫికెట్టు ఇవ్వకపోతే డిపోలో బండి చేతికివ్వరట. అతన్ని కుర్చీలో కూర్చోబెట్టి, ఒక కన్ను మూసుకోమని, అద్దాలాయన కంప్యూటర్ తెరిచాడు. తెర మీద అక్షరాల పట్టీ రాలేదు. పులిపిల్ల వచ్చింది.

"హాయ్ చిట్టిపులీ!" అంది కంప్యూటర్, కీచు గొంతుతో. "నీకు ఆరేళ్ళు కదా! నీ కోసం మంచి మంచి బొమ్మలు తెచ్చాను!"

అద్దాలాయన షాపు కళ్ళజోడు పెట్టుకుని చూశాడు. అక్షరాలు ఉండాల్సిన ప్రతి చోటా ఒక బొమ్మ ఉంది. పై వరసలో పెద్దవి, కింద వరసల్లో చిన్నవి.

"చదవమంటారా సార్?" అన్నాడు డ్రైవరు. ఒకటే కన్ను తెరిచి ఉంది. "బాతు. బుడగ. కుందేలు. ఇంకో కుందేలు. కింద వరస... ఇది మేకో కుక్కో తెలీట్లేదు సార్. అద్దాలు పడతాయా?"

"ఉండండి, ఉండండి." అద్దాలాయన ఆ బొమ్మలు తీసెయ్యమని నొక్కాడు. "ఆ పని పెద్దవాళ్ళు చెయ్యాలి చిట్టిపులీ! నాన్న అనుమతి అడగనా?" అంది పులిపిల్ల.

అద్దాలాయనకి అర్థం కాలేదు. నాన్నేమిటి? వాళ్ళ నాన్న పోయి తొమ్మిదేళ్ళయింది. అయినా గత్యంతరం లేక "అడుగు" అని నొక్కాడు. "అడిగాను! నాన్న పనిలో ఉన్నట్టున్నారు. మళ్ళీ అడగనా?" నొక్కాడు. మళ్ళీ నొక్కాడు. డ్రైవరు మూసుకున్న కన్ను మీద చేయి నొప్పి పుట్టి చేయి మార్చుకునేలోపు పదకొండు సార్లు నొక్కాడు. పన్నెండోసారి, "ఈ రోజుకి నీ సమయం అయిపోయింది. బయటికి వెళ్ళి ఆడుకో!" అని కంప్యూటర్ నిద్రపోయింది. ఫోన్ తీస్తే అందులోనూ అదే పులిపిల్ల. కాల్ వస్తే ఎత్తడానికి తప్ప దేనికీ వేలు పెట్టనివ్వడం లేదు.

చివరికి అటక మీంచి పాత అట్టముక్క పట్టీ దించి, బూజు దులిపి, గోడకి తగిలించి, డ్రైవరు పని అయిందనిపించాడు. పోతూ పోతూ డ్రైవరు గుమ్మం దగ్గర ఆగి, "ఇందాకటిది మేకేనా సార్?" అని అడిగి మరీ వెళ్ళాడు.

పన్నెండున్నరకి భార్య ఫోన్ చేసింది. గొంతు బాగా తగ్గించి మాట్లాడుతోంది.

"మీరు వెంటనే అమ్మ దగ్గరికి వెళ్ళండి. నాకు ఇంకో క్లాసుంది, రాలేను. చెల్లి అక్కడ ఒకటే ఏడుపు. మా మరిదికి కొడుకున్నాడట!"

"కొడుకా? ఎప్పుడు పుట్టాడు?"

"ఆరేళ్ళట! వీళ్ళ పెళ్ళై మూడేళ్ళేగా. చెల్లి ఫోన్‌కి ఏదో సందేశం వచ్చిందట, మీ ఆయన కుటుంబంలోకి బిడ్డ చేరాడని. నా బుర్ర పనిచేయట్లేదు. మీరు పెద్దవారు, వెళ్ళి సర్దండి."

"పాపం!" అన్నాడు అద్దాలాయన. ఆ మాట అంటుంటే తన మూతి సాగడం తనకే తెలిసింది. ఆ సంగతి భార్యకి ఫోన్‌లో కనపడదు కాబట్టి సరిపోయింది. షాపు షట్టరు లాగుతూ ఈల వేయబోయి, ఎదురు షాపువాడు చూస్తున్నాడని మానుకున్నాడు. పొడుగ్గా ఉంటే సరా? గట్టిగా నవ్వితే సరా? దారి పొడుగునా అతనికి మూడేళ్ళ లెక్కలన్నీ గుర్తొచ్చాయి. పెళ్ళి ఫోటోలో తనని పక్కకి జరగమన్న రోజు, అత్తగారి పుట్టినరోజుకి తను తెచ్చిన గొడుగు చిన్నల్లుడు తెచ్చిన ఫోన్ వెనక కనపడకుండా పోయిన రోజు, ఒక్కటీ మర్చిపోలేదు. ఇవాళ్టితో చెల్లుకి చెల్లు అనుకున్నాడు.

హాల్లో దృశ్యం అతను ఊహించినదానికన్నా బాగుంది. మరదలు బల్ల దగ్గర తల వాల్చుకుని వెక్కుతోంది. అత్తగారు మధ్యలో నిలబడి ఉంది. చిన్నల్లుడు గోడకి ఆనుకుని నిలబడ్డాడు. టై ఊడి జేబులోంచి వేలాడుతోంది, ముఖంలో నెత్తురు చుక్క లేదు. అతన్ని కూర్చోమన్నవాళ్ళు లేరు. ఫ్యాను కింద ఒంటి సోఫా ఖాళీగా ఉంది.

అద్దాలాయన మెల్లగా వెళ్ళి అందులో కూర్చున్నాడు. మూడేళ్ళ తరువాత దాని మెత్తదనం ఒంటికి తగిలింది.

"ఏమైంది? నిదానంగా చెప్పండి" అన్నాడు పెద్దమనిషి గొంతుతో.

"మీరైనా నమ్మండి అన్నయ్యగారూ!" అన్నాడు చిన్నల్లుడు. "నాకే పాపమూ తెలీదు. ఆఫీసులో మీటింగు జరుగుతోంది. నా ఫోన్ పెద్ద తెరకి తగిలించి మా పెద్ద బాసుకి లెక్కలు చూపిస్తున్నాను. ఉన్నట్టుండి తెర నిండా పడింది, 'నాన్నా, ప్లీజ్ నాన్నా' అని. ఒకసారి కాదు, పదకొండు సార్లు! మా బాసు లేచి నిలబడి, 'ముందు మీ బాబు సంగతి చూసుకోండి, పాపం ఎంతసేపని అడుగుతాడు' అన్నారు. హాల్లో ఉన్న నలభై మందీ నన్ను చూసిన చూపు..."

"ఆరేళ్ళు!" అంది మరదలు తలెత్తి. "పేరేంటో కూడా దాచారు. పిల్లల భద్రత కోసం అసలు పేరు చెప్పరట. ముద్దు పేరు మాత్రం ఉంది. చిట్టిపులి!"

అద్దాలాయన వీపు సోఫా నుంచి దానంతటదే పైకి లేచింది.

చిట్టిపులి. ఆరేళ్ళు. పదకొండు సార్లు. ఉదయం చూసిన ఆ గుండ్రటి ఫోటోలో నవ్వుతున్న మనిషి ఎవరో అతనికి కళ్ళజోడు లేకుండానే ఇప్పుడు స్పష్టంగా కనిపించాడు. లోకంలో ఎవరి పేరు చెబితే తనకి అన్నం సయించదో, వాడికి తను కొడుకయ్యాడు. ఆ పని స్వయంగా, తన వేలితో, సరే సరే అంటూ చేసుకున్నాడు.

చెప్పేద్దామనుకున్నాడు. నోరు తెరిచాడు. చిన్నల్లుడు ఇది విని నవ్వే నవ్వు చెవుల్లో ముందే వినిపించింది. ఆ నవ్వు ఈ ఇంట్లో ఇంకో ముప్పై ఏళ్ళు వినపడుతుంది. నోరు మూసుకున్నాడు. చెప్పకపోతే? చెప్పకపోతే చిన్నబాబు పని అయిపోయినట్టే. కుళాయి కారినా తలుపు బిగుసుకున్నా మళ్ళీ తనకే ఫోన్ వస్తుంది. మరదలి వైపు చూశాడు. తనకి పెళ్ళైన కొత్తలో ఆమె రెండు జడలేసుకుని, బడి సంచీ భుజానుండగానే షాపుకొచ్చి, ఫ్రేములన్నీ పెట్టుకుని, "బావా, ఇందులో నేను డాక్టర్‌లా ఉన్నానా?" అని అడిగేది. ఇప్పుడు ముక్కు ఎర్రగా కందిపోయి ఉంది. చెప్పాలి, తప్పదు. ఇంకో ఐదు నిమిషాలు ఈ సోఫాలో కూర్చుని అప్పుడు చెబుదామని నిశ్చయించుకున్నాడు.

ఆ ఐదు నిమిషాలు అత్తగారు అతనికి ఇవ్వలేదు.

"ఏడుపులు తరువాత. ముందు ఆ పిల్లాడెక్కడున్నాడో తేలాలి" అంది ఆవిడ. "చిన్నబాబూ, అందులో ఏముందో చదవండి."

చిన్నల్లుడు ఫోన్ తీశాడు. "ఇక్కడ ఏదో ఉందత్తయ్యగారూ. 'మీ బిడ్డ ఎక్కడున్నాడు?' అని."

"నొక్కండి."

నొక్కాడు. పటం తెరుచుకుంది. వీధులు వచ్చాయి, ఇళ్ళు వచ్చాయి, ఒక ఇంటి మీద పులిపిల్ల గంతులేసింది. చిన్నల్లుడు దాన్ని పెద్దది చేసి చూసి, తలెత్తి అందరినీ చూశాడు.

"ఈ ఇంట్లోనే ఉన్నాడు" అన్నాడు, గుసగుసగా.

ఆ తరువాత ఆ ఇంట్లో జరిగిన గాలింపు ఏ ఆసుపత్రి వార్డులోనూ జరిగి ఉండదు. అత్తగారు మంచాల కింద చీపురు పెట్టి చూసింది. మరదలు ఏడుపు ఆపి బీరువా తలుపులు తీసింది. తనకి కొడుకే లేడని ఒట్టేసిన చిన్నల్లుడు కూడా కిటికీ తెర పక్కకి తప్పించి, "బాబూ..." అని మెల్లగా పిలిచాడు. ఒక్కడే సోఫాలో కూర్చుంటే బాగుండదని అద్దాలాయన కూడా లేచి, పూలకుండీ వెనక వంగి చూసి, వంటింటి వైపు నడిచాడు.

"కదులుతున్నాడు!" అని అరిచాడు చిన్నల్లుడు ఫోన్ చూస్తూ. "వంటింట్లోకి వెళ్తున్నాడు!"

అందరూ వంటింట్లోకి పరిగెత్తారు. అక్కడ పొయ్యి పక్కన అద్దాలాయన తప్ప ఎవరూ లేరు.

"మీరేమైనా చూశారా బావా?" అంది మరదలు.

"లేదమ్మా" అన్నాడు అద్దాలాయన. ఇంకా ఏదో అనబోయి, గొంతు సవరించుకుని, "నేను ఒక మాట..." అని మొదలుపెట్టాడు.

"ఆగండి అన్నయ్యగారూ! 'బిడ్డ ఫోన్ మోగించు' అని కూడా ఉంది ఇందులో" అన్నాడు చిన్నల్లుడు, నొక్కుతూ.

అద్దాలాయన ప్యాంటు జేబులోంచి ముందు బాతు అరిచింది. తరువాత చప్పట్లు వినిపించాయి. ఆ వెంటనే కీచు గొంతు ఎత్తుకుంది. "నాన్న పిలుస్తున్నాడు! నాన్న పిలుస్తున్నాడు! పరిగెత్తు చిట్టిపులీ, పరిగెత్తు!"

అద్దాలాయన పరిగెత్తలేదు. జేబులో ఆ గొంతు నాలుగుసార్లు పాడి తనంతట తనే ఆగేదాకా నేల వైపు చూస్తూ నిలబడ్డాడు. తరువాత జరిగింది జరిగినట్టు చెప్పాడు. ఈమెయిల్ సంగతి, చక్రం సంగతి, చూడకుండా నొక్కిన సంగతి. పంతొమ్మిది నిమిషాలని కూడా ఒప్పేసుకున్నాడు. మరదలు అతన్నీ మొగుణ్ణీ మార్చి మార్చి చూసి, ఏడుస్తూనే నవ్వడం మొదలుపెట్టింది. ఇక ఆపుకోలేక వంటింటి గట్టు పట్టుకుని వంగిపోయింది.

అద్దాలాయన చిన్నల్లుడి నవ్వు కోసం ఎదురుచూశాడు. అది రాలేదు. చిన్నల్లుడి ముఖం ఇందాకటికన్నా పాలిపోయింది. ఎందుకంటే అత్తగారు అతని వైపు తిరిగింది.

"ఇందులో నాకో సంగతి అర్థం కావట్లేదు చిన్నబాబూ. నిన్న మీరు దాన్ని ఆపేశారుగా. ఆపేసిన దానిలో మీరు నాన్న ఎలా అయ్యారు?"

చిన్నల్లుడు టై జేబులోకి పూర్తిగా తోసేశాడు. "ఆపలేదత్తయ్యగారూ. ఎలా ఆపాలో నాకు తెలీదు. అడిగినదానికల్లా సరే అని నొక్కుకుంటూ పోయాను. అది కుటుంబం అంది, సరే అన్నాను. పెద్ద దిక్కు ఎవరంది, నా పేరూ నంబరూ కొట్టాను. భార్య నంబరంది, అదీ కొట్టాను. ఎంతకీ ఆగకపోతే ఫోన్ చప్పుడు తగ్గించి మీ చేతికిచ్చాను."

"కంప్యూటర్ కంపెనీలో పనిచేస్తూ తెలీకపోవడమేంటి?" అన్నాడు అద్దాలాయన.

"నేను చూసేది కుర్చీలు, బల్లలు అన్నయ్యగారూ. కంపెనీకి కావలసిన ఫర్నిచర్ కొనే విభాగం నాది. ఇవాళ మీటింగు కూడా కొత్త కుర్చీల గురించే. ఈ ఇంట్లో ఆ ముక్క చెబుదామంటే మీ ముందు చిన్నతనమనిపించింది."

"నా ముందా?"

"మరి? నేనొచ్చిన దగ్గర్నుంచీ అత్తయ్యగారి నోట ఒకటే మాట. పెద్దబాబు ఎంత నిదానం, పెద్దబాబు ఎంత పనిమంతుడు, పెద్దబాబు సొంత షాపు పెట్టుకుని నిలబడ్డాడు. నిన్న కూడా ఫోన్ నా చేతిలో పెట్టి, 'మీకు కుదరకపోతే చెప్పండి, పెద్దబాబు ఇట్టే చేసేస్తాడు' అన్నారు. ఆ మాట విన్నాక ఎవడైనా తనకి రాదంటాడా?"

అద్దాలాయన మూడేళ్ళుగా వినాలని చచ్చిపోతున్న మాటలన్నీ ఆవిడ అంటూనే ఉంది. కాకపోతే తోడల్లుడి దగ్గర అంటోంది. అల్లుళ్ళిద్దరూ ఒకేసారి అత్తగారి వైపు తిరిగారు.

ఆవిడ తొణకలేదు. "ముప్పై రెండేళ్ళు వార్డులు నడిపాను" అంది. "ఒక నర్సు దగ్గర ఇంకో నర్సుని మెచ్చుకుంటే రెండు వార్డులూ అద్దంలా ఉండేవి. ఎదుటే మెచ్చుకుంటే ఇద్దరూ కూర్చునేవాళ్ళు. మూడేళ్ళుగా ఈ ఇంట్లో కుళాయి కారిందా? తలుపు బిగుసుకుందా? ఎవరో ఒకరు చెప్పకముందే వచ్చి చేసిపోతున్నారు. ఈ ఒక్క పనిలోనే మందు మోతాదు ఎక్కువైంది." గడియారం వైపు చూసింది. "ఒంటిగంటన్నర. నాలుగింటికి నా మీటింగు. ల్యాప్‌టాప్ తీస్తే పులిపిల్ల ఆడుకుందాం రమ్మంటోంది. ఇప్పుడు దాని సంగతి ఎవరు చూస్తారు?"

అల్లుళ్ళిద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఇద్దరూ ముందుకు రాలేదు.

"ఇటివ్వండి" అంది మరదలు కళ్ళు తుడుచుకుని. ఆమె కోర్టులో టైపిస్టు. కుర్చీ లాక్కుని కూర్చుని, తెర మీదున్నది మొదటి మాట నుంచి చివరి మాట దాకా, వాంగ్మూలం చదివినట్టు పైకి చదివింది. చదవడం పూర్తయ్యేదాకా దేన్నీ నొక్కలేదు. తరువాత ఒకచోట నొక్కింది. మళ్ళీ చదివింది, మళ్ళీ ఒకచోట నొక్కింది. వెనకాల నిలబడి అల్లుళ్ళిద్దరూ చూశారు.

"మీ ఫోన్ తీయండి" అంది మొగుడితో. "ఇక్కడ తండ్రి ఒప్పుకోవాలి."

చిన్నల్లుడి ఫోన్ తెర మీద పులిపిల్ల మూట భుజానేసుకుని, కన్నీళ్ళు పెట్టుకుని నిలబడి ఉంది. "చిట్టిపులిని నిజంగా పంపేస్తారా?" అని దాని కింద రాసి ఉంది. చిన్నల్లుడి వేలు ఒక్క క్షణం తటపటాయించింది.

"పంపేయనా అన్నయ్యగారూ?"

"పంపేయ్ తమ్ముడూ" అన్నాడు అద్దాలాయన. ఈ మూడేళ్ళలో అతన్ని 'మీరు' అనే తప్ప ఇంకోలా పిలవలేదు.

పులిపిల్ల వెళ్ళిపోయింది. ల్యాప్‌టాప్ శుభ్రంగా తెరుచుకుంది. అత్తగారి నర్సుల ఫోటోలు ఒకదాని తరువాత ఒకటి వచ్చాయి. ఆవిడ ఫోన్‌లో ఆటల గోల కూడా, చప్పుడు తగ్గడం కాదు, వేళ్ళతో సహా పోయింది. అద్దాలాయన ఫోన్ మళ్ళీ నడివయసు మనిషి ఫోన్ అయింది. మొత్తం పావుగంట పట్టింది.

అత్తగారు కూతురి భుజం తట్టి, ఒక్క మాట కూడా మెచ్చుకోకుండా, చీర మార్చుకోవడానికి లోపలికి వెళ్ళింది. అల్లుళ్ళిద్దరూ చెప్పులేసుకుని బయటపడ్డారు. రెండు అంతస్తులు దిగారు.

కింది మెట్టు మీద చిన్నల్లుడు ఆగాడు. "మా ఆవిడ నొక్కినవన్నీ నిన్న నేను నొక్కినవే అన్నయ్యగారూ. వరస మారింది, అంతే."

"నేనూ అదే గమనించాను తమ్ముడూ" అన్నాడు అద్దాలాయన. "చదివినంత మాత్రాన ఏముంది? ఏదో అదృష్టం కలిసొచ్చింది."

తోడల్లుళ్ళిద్దరికీ ఒక విషయంలో అభిప్రాయం కలవడం ఈ మూడేళ్ళలో అదే మొదటిసారి.